ఒక్క పాట కావాలంటే అప్పట్లో ఏది మేలు: కజానా, ఈమ్యూలా, టొరెంటా?

ఒకరి కంప్యూటర్లోని పాటని నెట్ ద్వారా మరొకరు దించుకునే సాధనాలివి. గుంటూరు బ్రాడీపేటలోనో బెజవాడ లబ్బీపేటలోనో డయలప్ (ఫోన్ లైన్ ఇంటర్నెట్) మీద సెకనుకు 4 కేబీ దిగిన రోజుల్లో, ఐదు నిమిషాల పాటకి 20 నిమిషాలు పట్టేది. 128 కేబీపీఎస్ (సెకను పాటకి 128 కిలోబిట్లు) నాణ్యతలో అది దాదాపు 4.8 ఎంబీ మరి. 256 కేబీపీఎస్ వేగం బ్రాడ్‌బ్యాండ్ వచ్చాక రెండున్నర నిమిషాలే, అదీ అవతలివాడి అప్‌లోడ్ సహకరిస్తే. కాబట్టి వేగం కంటే, దిగిన పాట చివరిదాకా సరిగ్గా మోగుతుందా అన్నదే అసలు పరీక్ష.

వెతకడంలో కజా మేటి (మంగళగిరి పక్క కాజకీ దీనికీ చుట్టరికం లేదు). కానీ రెండు ఫైళ్లు ఒకటేనా అని తేల్చడానికి అది మొదటి 300 కేబీ, 1, 2, 4 ఎంబీల దగ్గర మరో 300 చొప్పున, చివర్లో ఇంకో 300 మాత్రమే చూసేది. పాటలో మూడింట రెండొంతులు తనిఖీ లేనట్టే. నకిలీలు దూరింది ఆ సందులోంచే: మొదటి 19 సెకన్లు శుభ్రంగా మోగి, తర్వాత గరగర.

ఈమ్యూల్ ప్రతి బైటూ సరిచూసేది. ముక్క సైజు 9.28 ఎంబీ కాబట్టి పాట మొత్తం ఒకే ముక్క. ఎక్కడ చెడినా మళ్లీ మొదటికే. తర్వాతి వెర్షన్లు 180 కేబీ చొప్పున చెడినంతమేరే తెచ్చుకోవడం నేర్చాయి. అసలు తంటా ‘లో ఐడీ’తో, అంటే బయటివాళ్లు మన పీసీకి నేరుగా కలవలేని స్థితితో (కలవగలిగితే ‘హై ఐడీ’). కేబుల్ ఆపరేటర్ ఒకే కనెక్షన్‌ని వీధంతా పంచితే 4662 పోర్టు (ఈమ్యూల్‌కి కనెక్షన్లు వచ్చే ద్వారం) మనదాకా రాదు, ఇద్దరికీ లో ఐడీ అయితే పాట కదలదు. సొంత మోడెమ్ ఉంటే పీసీకి మారని ఐపీ (నెట్‌వర్క్ చిరునామా) ఇచ్చి, టీసీపీ 4662, యూడీపీ 4672 పోర్టులు దానికి మళ్లించి, ఫైర్‌వాల్‌లో అనుమతించాలి. ఐపీ సంగతి మరిచారా, కరెంటు పోయి వచ్చాక మళ్లీ లో ఐడీయే.

టొరెంట్ ఆల్బమ్ మొత్తానికి బాగుంటుంది. ఒక్క పాటే ఎంచుకోవచ్చు గానీ, సీడ్లు (ఫైలు మొత్తం ఉండి పంచేవాళ్లు) లేకపోతే 97 శాతం దగ్గర ఆగి కూర్చుంటుంది.

పాత ఘంటసాల పాటకైతే అప్పట్లో ఈమ్యూలే మేలు. ఇంగ్లీషు స్పెల్లింగులో హెచ్ ఉంచి ఒకసారి, తీసేసి ఒకసారి వెతకాల్సి వచ్చేది.

వీటికంటే ముందు, 1999లో వచ్చిన ఇలాంటి సాధనం నాప్‌స్టర్ పాటల జాబితాని తన సర్వర్లలోనే పెట్టుకుంది, 2001 జులైలో కోర్టు దెబ్బకి ఆగింది. కజా ఆ జాబితాని వాడేవాళ్ల కంప్యూటర్లకే పంచినా తప్పించుకోలేదు. 2006లో 10 కోట్ల డాలర్లకు పైగా ఒప్పుకుని రాజీపడింది. 2010 అక్టోబరులో అలాంటిదే అయిన లైమ్‌వైర్ వంతు. ఓపెన్ సోర్స్ (కోడ్ అందరికీ తెరిచి ఉన్న) ఈమ్యూల్‌కి మూయించడానికి కంపెనీయే లేదు. జనం మాత్రం స్ట్రీమింగ్‌కి వెళ్లిపోయారు. పోర్టులు తెరిచి హై ఐడీ తెచ్చుకున్నా, అవతల పాట పెట్టుకున్నవాడు ఆన్‌లైన్‌లో ఉండడు.