శనివారం గది, మంగళవారం గది

విశాఖపట్నం, అరకు, పాడేరు కలిపి 2025 డిసెంబరు మొదటి వారంలో వెళ్లి వచ్చాం. కొండల గురించి, కాఫీ తోటల గురించి, బొర్రా గుహల గురించి ఇప్పటికే చాలామంది రాశారు కాబట్టి వాటి జోలికి పోను. నేను రాస్తున్నది మేము దిగిన గదుల గురించి, వాటికి మా చేత కట్టించిన డబ్బు గురించి. ఒకే వరండాలో పక్కపక్కన, ఒకే కొలతతో, ఒకే రంగు పరదాలతో ఉన్న రెండు గదులకు ఒకే రాత్రి ఒకదానికి 5,460 రూపాయలు, రెండోదానికి 9,322 రూపాయలు కట్టాం. ఆ బిల్లును మా బావగారు మడత పెట్టి ఇప్పటికీ తన పర్సులో ఉంచుకున్నారు.

మేము ఐదుగురం: అమ్మ, అక్క, బావగారు, మా ఆవిడ, నేను. బావగారు బ్యాంకు మేనేజరుగా పనిచేసి రిటైరయ్యారు కనుక బిల్లు చేతికి వస్తే కింది నుంచి పైకి చదువుతారు. గోదావరి ఎక్స్‌ప్రెస్ శుక్రవారం ఉదయం మమ్మల్ని విశాఖలో దింపింది. మరునాడు, అంటే డిసెంబరు 6న, అక్కడ భారత్, దక్షిణాఫ్రికా వన్డే మ్యాచ్ ఉంది. నవంబరు మొదట్లో 3,600 రూపాయలు చూపించిన బీచ్ రోడ్డు హోటల్ గది మేము బుక్ చేసేనాటికి 6,200 అయింది, పన్నుతో 6,510. మూఢం నడుస్తున్నందున పెళ్లిళ్లు లేవని, ఫంక్షన్ హాలు ఖాళీగా ఉందని, క్రికెట్ వచ్చి ఆదుకుందని రిసెప్షన్‌లో ఉన్న అమ్మాయి దాపరికం లేకుండా చెప్పింది. మన ఊళ్లలో హోటళ్ల లాభనష్టాలను పంచాంగం ఎంతగా శాసిస్తుందో నాకు అప్పుడు తెలిసింది.

అయితే అక్కడ మాకు ఒళ్లు మండించినది అద్దె కాదు, గడియారం. గది మధ్యాహ్నం రెండింటికి ఇస్తారట, మరునాడు పదకొండింటికి ఖాళీ చేయాలట. పూర్వం లాడ్జీల్లో ఎప్పుడు దిగితే అప్పటినుంచి ఇరవై నాలుగు గంటలు మనవి; ఇప్పుడు రోజు అద్దె కట్టించుకుని ఇరవై ఒక్క గంటలే ఇస్తున్నారు. రాత్రంతా రైల్లో వచ్చి ఉదయాన్నే గుమ్మంలో నిలబడిన ముసలావిడను చూసి కూడా, ముందుగా గది కావాలంటే గదికి 1,500 రూపాయలు అదనమని అన్నారు. ఒక్క గదికి మాత్రం కట్టి, అందరం వంతులవారీగా స్నానాలు చేశాం. రైలు దిగి నేరుగా హోటల్‌కు వెళ్లేవారు ఈ సంగతి బుకింగ్ నాడే ఫోన్ చేసి తేల్చుకోవాలి. హైదరాబాదు నుంచి వచ్చే రాత్రి రైళ్లన్నీ దాదాపు తెల్లవారుతుండగానే చేరతాయని హోటల్ వాళ్లకు తెలియనిది కాదు. పగలంతా ఊరు తిరిగాం, చక్కగా గడిచింది. మరునాడు ఉదయం కిరండూల్ రైల్లో అద్దాల పెట్టె ప్రయాణమూ బాగుంది.

అరకులో మా గదులు ఒక ప్రైవేటు రిసార్టులో. పర్యాటక శాఖ హరిత గదుల కోసం ముందు ప్రయత్నించాం గానీ ఆ శనివారానికి దొరకలేదు. ఈ రిసార్టును ఒక యాప్‌లో గది 4,400 రూపాయల చొప్పున, డబ్బు హోటల్‌లోనే చెల్లించే పద్ధతిలో బుక్ చేశాం. రెండు గదులు ఖాయమైనట్టు సందేశం కూడా వచ్చింది. మేము సామానుతో చేరేసరికి రిసెప్షన్ కుర్రాడు కంప్యూటరు వంక చూసి, ఒక గది మాత్రమే మా పేరున ఉందని, రెండో బుకింగ్ యాప్ నుంచి తమకు అందలేదని చెప్పాడు. మరి గది లేదా అని అడిగితే ఉందన్నాడు. ఈ రోజు రేటు 7,900 అన్నాడు.

బావగారు ఆ మాటకు కుర్చీ లాక్కుని కూర్చున్నారు. లేని గది 7,900కు ఎలా పుట్టుకొచ్చిందని ఆయన ప్రశ్న. యాప్ వాళ్లకు ఫోన్ చేస్తే మొదట పాట వినిపించి, ఆ తర్వాత హోటల్‌తో మాట్లాడి చెబుతామని చెప్పి పెట్టేశారు. వారాంతంలో అరకులో మరో గది వెతకడమంటే చీకటి పడేదాకా కారులో తిరగడమే. అమ్మ అప్పటికే వరండాలో కూలబడి, ఎంతైతే అంత కట్టి పడేయండిరా అంటోంది. అక్క మాత్రం బావగారి పక్షాన నిలబడింది, ఆయన కోపం కన్నా ఆవిడ మౌనమే ఎక్కువ భయం పుట్టించేలా ఉంది.

అప్పుడు బావగారు వేసిన లెక్క వినదగ్గది. 2025 సెప్టెంబరు 22 నుంచి రోజుకు 7,500 రూపాయల వరకు ఉన్న గదికి జీఎస్టీ 12 శాతం నుంచి 5 శాతానికి తగ్గింది. 7,500 దాటితే 18 శాతం. అంటే 7,500 గదికి పన్నుతో 7,875 అవుతుంది, 7,900 గదికి 9,322 అవుతుంది. ‘నువ్వు నాలుగు వందలు తగ్గించు బాబూ, నీకు పోయేది నాలుగు వందలు, మాకు మిగిలేది 1,447’ అని ఆయన కాగితం మీద వేసి చూపించారు. కుర్రాడు ఆ కాగితాన్ని మర్యాదగానే చదివి, ‘సిస్టమ్ ఒప్పుకోదు సార్’ అన్నాడు. అక్కడితో కథ ముగిసింది. మొదటి గదికి అదనపు పరుపు 800తో కలిపి 5,200, దాని మీద 260 పన్ను. రెండో గదికి 7,900, దాని మీద 1,422. ఒకే బిల్లులో ఒకే రకం గదులకు రెండు పన్ను రేట్లు. ఇందులో పన్ను వరకు తప్పేమీ లేదు. 2025 ఏప్రిల్ నుంచి బోర్డు మీద రాసిన టారిఫ్‌తో పని లేకుండా, నిజంగా వసూలు చేసిన అద్దెను బట్టే పన్ను శ్లాబు నిర్ణయమవుతోంది.

9,322 రూపాయల గదిలో గీజరు నుంచి వేడినీళ్లు ఒక బకెట్టు వచ్చి ఆగిపోయాయి. 5,460 రూపాయల గదిలోనూ అంతే. దుప్పట్లు పలచగా ఉన్నాయని మా ఆవిడ రెండుసార్లు ఫోన్ చేశాక ఇంకొకటి తెచ్చి ఇచ్చారు. రాత్రి భోజనానికి 2,000 బిల్లు మీద 360 పన్ను వేశారు. రోడ్డు మీది హోటల్‌లో 5 శాతమే కదా అని నేను అడగబోతే బావగారే ఆపారు. అంతకు ముందు ఆర్థిక సంవత్సరంలో ఒక్క గదినైనా 7,500కు మించి అద్దెకు ఇచ్చిన హోటల్‌లో భోజనానికి కూడా 18 శాతమే వర్తిస్తుందట. అంటే ఎవరో ఒకరు ఏదో ఒక కొత్త సంవత్సరం రాత్రి కట్టిన అద్దెకు, ఏడాది పొడవునా ఇడ్లీ తినేవాళ్లు పన్ను కడుతున్నారన్నమాట. బయట తినే పదార్థాలు లోపలికి తేకూడదని బోర్డు ఉంది గానీ, అమ్మ తెచ్చిన పులిహోర డబ్బాను అడిగే ధైర్యం ఎవరికీ లేకపోయింది. రోడ్డు పక్కన అరకిలో 350 రూపాయలకు కాల్చి ఇచ్చిన బొంగు చికెన్ ఆ రాత్రి మొత్తంలో డబ్బుకు తగిన విలువ దక్కిన ఒకే ఒక్క వస్తువు.

రాత్రి మేనేజరు తానే వచ్చి క్షమించమన్నాడు. హోటల్ మేనేజ్‌మెంట్ చదివిన కుర్రాడు, మాట నెమ్మది. చలిమంట దగ్గర గంటసేపు మాట్లాడాడు, నాకు ఈ యాత్రలో తెలిసిన విషయాల్లో సగం అతను చెప్పినవే. వాళ్లకు ఉన్నవి 24 గదులు. చలికాలపు శనివారం అన్నీ నిండుతాయి, సగటున ఆరు వేల చొప్పున వేసుకున్నా 1,44,000 వస్తుంది. మంగళవారం ఐదు గదులు 2,900 చొప్పున పోతే వచ్చేది 14,500. దాన్ని మొత్తం 24 గదులకు పంచితే గదికి 604 రూపాయలు. యజమాని అడిగేది గది రేటు ఎంత అని కాదట, ఖాళీ గదులతో కలిపి గదికి ఎంత పడింది అని. జీతాలు, జనరేటరు డీజిలు, బ్యాంకు వాయిదా ఏ వారమూ తగ్గవు కాబట్టి ఐదు రోజుల నష్టాన్ని రెండు రోజుల్లో లాగాలి. యాప్ వాళ్లు తమ దగ్గర అద్దెలో అయిదో వంతు దాకా తీసుకుంటారని చెప్పాడు. 5 శాతం పన్ను అతిథికి చౌకే గాని, దానిలో ఇన్‌పుట్ ట్యాక్స్ క్రెడిట్, అంటే తాము కొన్నవాటి మీద కట్టిన పన్నును ప్రభుత్వానికి కట్టాల్సిన పన్నులోంచి మినహాయించుకునే వీలు, ఉండదు. కమిషన్ మీద, లాండ్రీ మీద కట్టిన పన్ను తమ నెత్తినే పడుతుంది. 7,500 దాటితే ఆ క్రెడిట్ దొరుకుతుంది. బావగారి లెక్కకు కుర్రాడు ఎందుకు లొంగలేదో అప్పుడు అర్థమైంది.

అతిథుల మీద అతని ఫిర్యాదులు కూడా కొట్టిపారేయదగ్గవి కావు. ఉచితంగా రద్దు చేసుకునే వీలుండటంతో ఒకే రాత్రికి మూడు చోట్ల బుక్ చేసి, ఘాట్ రోడ్డు ఎక్కేటప్పుడు రెండు రద్దు చేసేవారు పెరిగారట. ఇద్దరికని గది తీసుకుని ఆరుగురు దిగుతారు. గదిలో ఇండక్షన్ పొయ్యి మీద వండుతారు. అదేమని అడిగితే ఒక్క స్టారు ఇస్తామని బెదిరిస్తారు. ఈ రద్దులకు విరుగుడుగా తాము ఉన్న గదుల కంటే రెండు మూడు ఎక్కువ బుకింగులు తీసుకుంటామని ఒప్పుకున్నాడు. ఆ వారం ఒక పెద్ద విమాన సంస్థ వందల సర్వీసులు రద్దు చేయడంతో ఆ లెక్క తప్పింది: బెంగళూరు వెళ్లవలసిన కుటుంబం తిరుగు విమానం లేక గది ఖాళీ చేయలేదు. అంతవరకు నాకు సానుభూతే కలిగింది. కాని ఆ 7,900 గది సంగతి అడిగితే, ముందుగా చెప్పకుండా కారు దిగి వచ్చేవారి కోసం శనివారాల్లో రెండు గదులు పక్కన పెడతామని మెల్లగా అన్నాడు. అంటే మా బుకింగ్ అందకపోవడం కాదు, మా ధర వాళ్లకు నచ్చకపోవడం. అదే రోజు కేంద్ర ప్రభుత్వం విమాన ఛార్జీలకు పరిమితి పెట్టింది, 500 కిలోమీటర్ల లోపు టికెట్టుకు 7,500 మించరాదని. గది అద్దెకు అలాంటి పగ్గం ఏదీ లేదు.

ఆదివారం పాడేరు చేరాం. అక్కడ ఒక ఇల్లాలు, ఆవిడ భర్త నడుపుకునే చిన్న బసలో రెండు గదులు, గదికి 1,800. భోజనం మనిషికి 180. వారాంతంలో రేటెంత అని బావగారు అలవాటు కొద్దీ అడిగితే ఆవిడ నవ్వి, ‘శనివారమైతే మంచం పెద్దదవుతాదా బాబూ?’ అంది. గీజరు లేదు. కట్టెల పొయ్యి మీద కాచిన నీళ్లు తలుపు దగ్గర పెట్టి పిలిచేవారు. రాత్రి కరెంటు పోతే జనరేటరూ లేదు. పెద్దవాళ్లతో వెళ్లేవారు బాత్రూము గదికి ఆనుకుని లేదన్న సంగతి తెలుసుకుని వెళ్లాలి, అమ్మ ఆ చలిలో వరండా దాటడానికి ఇబ్బంది పడింది. అయినా వేడివేడి రాగి సంకటి, నాటుకోడి పులుసు తిన్నాక ఆవిడే ఇంకో రోజు ఉందామంది. రాత్రికి ఐదుగురికీ బస, భోజనం కలిపి 4,500. తెల్లవారుజామున వంజంగి కొండ ఎక్కాం. మబ్బులు కనిపించాయి, సెల్ఫీ కర్రలు అంతకంటే ఎక్కువ కనిపించాయి.

మంగళవారం ఉదయం కారెక్కే ముందు బావగారు పాత పగతో యాప్ తెరిచారు. అరకులో మేము దిగిన అదే రిసార్టు, అదే రకం గది, ఆ రాత్రికి 2,900. పన్నుతో 3,045. నేరుగా రిసార్టుకే ఫోన్ చేస్తే 2,600కు ఇస్తామన్నారు. తమ వేదికలో కంటే తక్కువకు గదులు ఇంకెక్కడా అమ్మరాదని హోటళ్లను కట్టడి చేసే ఒప్పందాల వంటి వాటి మీద కాంపిటీషన్ కమిషన్ 2022 అక్టోబరులో ఆన్‌లైన్ బుకింగ్ వ్యాపారంలోని సంస్థలకు సుమారు 392 కోట్ల జరిమానా వేసిన సంగతి ఆయనకు గుర్తుంది. ధర చూడటానికి యాప్, గది తీసుకోవడానికి ఫోను: ఇది ఆయన సలహా, నాదీ అదే. ఫోన్‌లో ఒప్పుకున్న రేటును వాట్సాప్‌లో రాయించుకుని, ఎంతో కొంత అడ్వాన్సు పంపండి. డబ్బు ముట్టిన బుకింగ్ అంత తేలికగా మాయం కాదు. సెలవు దొరికేవారు ఆదివారం మధ్యాహ్నం కొండెక్కి బుధవారం దిగండి. పిల్లల బడి వల్ల శనివారం తప్పనివారు 7,500 గీత దాటని గదే చూసుకోండి. బిల్లులో సర్వీసు ఛార్జీ కలిపితే తీసేయమని అడగండి. దాన్ని తప్పనిసరి చేయకూడదని ఢిల్లీ హైకోర్టు 2025 మార్చిలో చెప్పింది.

చోడవరం మీదుగా విశాఖకు దిగాం. కారుకు డ్రైవరు బత్తాతో కలిపి మొత్తం 9,800 అయింది. డ్రైవరు నెమ్మదస్తుడు, వంక పెట్టడానికి ఏమీ లేదు. ఆ రాత్రికి బీచ్ రోడ్డు మాట ఎవరూ ఎత్తలేదు. ఆర్టీసీ కాంప్లెక్సు దగ్గర ఇరవై నాలుగు గంటల పద్ధతి ఇంకా పాటిస్తున్న లాడ్జిలో గది పన్నుతో 1,470 చొప్పున రెండు తీసుకున్నాం. సాయంత్రం నాలుగింటికి దిగి, మరునాడు నాలుగింటికి ఖాళీ చేసి, నేరుగా స్టేషనుకు వెళ్లాం. గోడలకు రంగు లేదు గానీ నీళ్లు మరిగేంత వేడిగా వచ్చాయి.

ఇంటికి చేరాక 1915 వినియోగదారుల హెల్ప్‌లైన్‌లో ఫిర్యాదు నమోదు చేయించాను. రెండో బుకింగ్ ఖాయమైన సందేశం, బిల్లు ఫొటో జతచేశాను. యాప్ వాళ్లు కలిగిన అసౌకర్యానికి చింతిస్తూ 500 రూపాయల కూపన్ పంపారు. నెల రోజుల్లో వాడుకోవాలి, ఆదివారం నుంచి గురువారం వరకు బసలకు మాత్రమే చెల్లుతుంది.