ఆయిల్ బర్నర్ సర్వీసింగ్: ఈసారి మీటరు పెట్టి చేశారు

మా ఇంటి హీటింగ్ బాయిలర్ ఆయిల్ బర్నర్ మీద నడుస్తుంది. చలి మొదలయ్యేలోపు ఏటా సర్వీసింగ్ చేయిస్తాం. ఇదివరకటి వాళ్లు ఫిల్టర్ మార్చి, మంట రంగు బాగుందనేసి బిల్లు చేతిలో పెట్టేవారు. ఈసారి వేరేవాళ్లను పిలిచాను.

వచ్చినాయన ముందుగా ఏదీ విప్పలేదు. బర్నర్ నడిపించి, పొగగొట్టంలో ఎనలైజర్ (పొగ వేడినీ, అందులోని ఆక్సిజన్‌నూ కొలిచే మీటరు) పెట్టి రీడింగులు రాసుకున్నారు. పొగ వేడి 290 డిగ్రీలు. ‘లోపల మసి బాగా పట్టిందండీ’ అన్నారు. విప్పితే నిజంగానే మందంగా పేరుకుని ఉంది. మసి అడ్డుపడితే నీళ్లకు వేడి ఎక్కదు, అది గొట్టంలోంచి బయటికి పోతుంది.

నాకు బాగా నచ్చింది నాజిల్ దగ్గర ఆయన పనితనం. ఆయిల్ ద్రవంగా ఉన్నంతసేపూ అంత తేలిగ్గా అంటుకోదు. పంపు దాన్ని 7 నుంచి 10 బార్ల ఒత్తిడితో నాజిల్ సన్నటి రంధ్రంలోంచి తోస్తే తుంపరగా విడిపోతుంది. ఎలక్ట్రోడ్ల మధ్య పుట్టే 10,000 వోల్టుల నిప్పురవ్వ దాన్ని అంటిస్తుంది. రంధ్రం అరిగితే చుక్కలు పెద్దవవుతాయి, సగమే కాలి మసి అవుతాయి. అందుకే పాత నాజిల్‌ను కడిగి మళ్లీ వాడలేదు. అదే సైజు, అదే స్ప్రే కోణం ఉన్న కొత్తది బిగించారు, దాని మూతికి వేలు కూడా తగలనివ్వలేదు. ఎలక్ట్రోడ్ల ఎడం గేజితో చూశారు.

తర్వాత గాలి. గాలి చాలకపోతే మసి, ఎక్కువైతే మంట తెల్లగా మెరుస్తూ కంటికి బాగుంటుంది కానీ వేడంతా చిమ్నీ పాలు. కంటిని నమ్మి తిప్పే పని కాదిది. పొగను ఫిల్టర్ కాగితం మీదకు పీల్చి మచ్చ చూస్తూ, మచ్చ పోయాక గాలిని ఇంకొంచెం పెంచి ఆపారు. చివరికి ఆక్సిజన్ 5 శాతం, పొగ వేడి 215 డిగ్రీలు.

మంటను కనిపెట్టే ఫొటోసెల్‌ను కప్పి, బర్నర్ తనంతట తానే ఆగుతుందో లేదో కూడా చూశారు. ఆగింది. ‘బర్నర్ ఆగిపోతే, మళ్లీ నడిపించే రీసెట్ బటన్ ఒక్కసారే నొక్కండి. మళ్లీ ఆగిపోతే ఫోన్ చెయ్యండి. అదేపనిగా నొక్కితే కాలని ఆయిల్ లోపల చేరి ఒక్కసారిగా భగ్గుమంటుంది’ అని గట్టిగా చెప్పారు. ఇంట్లో ఆయిల్ బర్నర్ ఉన్న ప్రతివాళ్లకూ ఇది తెలియాలి.

ఒక్కటే లోటు. ట్యాంకు అడుగున నీళ్లు చేరాయేమో నేను అడిగేదాకా చూడలేదు. నీళ్లు పంపులోకి వెళ్తే తుప్పు పట్టి అసలుకే మోసం. దీనికి ఒక స్టార్ తగ్గించి నాలుగు ఇస్తున్నాను. వచ్చే ఏడాదీ వీళ్లనే పిలుస్తాను, ట్యాంకు సంగతి మాత్రం బుకింగ్‌లోనే రాయిస్తాను.