తాబేళ్ల తీరంలో ఎర్ర టార్చి: రెండు వేసవులు వాడిన తరువాత

నుదుటికి కట్టుకునే ఈ టార్చిని నిరుడు ఫిబ్రవరిలో ఒడిశాలోని బరంపురంలో ఒక ఎలక్ట్రికల్ దుకాణంలో 850 రూపాయలకు కొన్నాను. తెల్ల వెలుగుతో పాటు ఎర్ర వెలుగు కూడా ఇస్తుందని పెట్టె మీద రాసి ఉండడమే కొనడానికి కారణం. కంపెనీ పేరు రాయడం లేదు, ఎందుకంటే నేను చెప్పబోయే లోపం అదే ధరలో దొరికే మరికొన్ని టార్చీలలోనూ కనిపించింది.

గంజాం జిల్లాలో ఋషికుల్యా నది సముద్రంలో కలిసే చోట ఆలివ్ రిడ్లే తాబేళ్లు గుంపులు గుంపులుగా ఒడ్డెక్కి గుడ్లు పెడతాయి. 2023లో అలా వచ్చిన తాబేళ్ల సంఖ్య 6 లక్షలు దాటింది. గూటికి నూరు, అంతకు పైబడి గుడ్లు ఉంటాయి. దాదాపు ఏడు వారాలకు, ఇసుక చల్లబడిన రాత్రివేళ, పిల్లలన్నీ ఒక్కసారిగా పైకి వస్తాయి. వాటికి దారి చూపేది వెలుగే. చీకటి తీరంలో చుక్కల కాంతి, వెన్నెల నీటి మీద పడి సముద్రం వైపు ఆకాశపు అంచు కాస్త తెల్లగా కనిపిస్తుంది కనుక అవి అటే పరుగెత్తుతాయి. వెనుక ఊళ్ల వీధి దీపాలు, రహదారి దీపాలు, కట్టడాల మీది ఫ్లడ్ లైట్లు అంతకంటే ప్రకాశంగా ఉంటే అవి సముద్రానికి వీపు పెట్టి ఊరి వైపు నడుస్తాయి, తెల్లవారేసరికి కుక్కలకో కాకులకో చిక్కుతాయి, లేదా ఎండకు మాడిపోతాయి. పొగ, మురుగు లాగా కంటికి మురికిగా కనిపించదు గనుక వెలుతురును మనం కాలుష్యమని అనుకోము, కాని ఈ తీరంలో దాని హాని ఇసుక మీద అడుగుజాడలుగా నాకు కనిపించింది.

తాబేళ్ల కళ్లు నీలం, ఆకుపచ్చ కాంతిని బాగా పసిగడతాయి, ఎర్ర కాంతిని చాలా తక్కువగా గుర్తిస్తాయి. ఆ విషయంలో ఈ టార్చి మాట నిలబెట్టుకుంది. ఏప్రిల్ రాత్రుల్లో, అటవీ శాఖ అనుమతితో, కాపలా ఉండే పల్లెవారి వెంట నడిచినప్పుడు కాలి ముందరి నాలుగైదు అడుగులు స్పష్టంగా కనిపించాయి, పక్క నుంచి పోతున్న పిల్లలు దారి మార్చుకోలేదు. మూడు సన్న పెన్సిల్ సెల్స్‌తో ఎర్ర వెలుగు నాలుగు రాత్రులు వచ్చింది. పట్టీ చెమటకు తడిసినా జారలేదు. ఉప్పుగాలికి సెల్స్ పెట్టే చోట స్ప్రింగు కొద్దిగా తుప్పు పట్టింది, గుడ్డతో తుడిస్తే పోయింది.

అసలు లోపం స్విచ్చిలో ఉంది. ఉన్నది ఒకే మీట: మొదటిసారి నొక్కితే పూర్తి తెల్ల వెలుగు, రెండోసారి మసక తెలుపు, మూడోసారి ఎరుపు. అంటే ఎరుపు కావాలన్న ప్రతిసారీ ముందుగా తెల్ల వెలుగు తీరం మీద మెరవాలి. మొదటి రాత్రి నేను మీట నొక్కగానే పక్కనున్న పెద్దాయన (ఆ పల్లెల్లో చాలామంది మన తెలుగువారే) "బావూ, ఆ తెల్లదీపం ఆర్పెయ్, పిల్లలు నీకేసి వచ్చెత్తాయి" అన్నారు. నేను కంగారుగా ఆర్పేలోపే ఏడెనిమిది పిల్లలు నా వైపు తిరిగాయి. వాటిని బుట్టలోకి ఏరి నీటి అంచున వదిలాం. గుడ్లు పెట్టే కాలంలో అయితే ఇది ఇంకా ప్రమాదం: అప్పుడే ఒడ్డెక్కుతున్న తల్లి వెలుగు చూసి గుడ్లు పెట్టకుండానే వెనుదిరుగుతుంది.

మరునాడు తెల్ల బల్బు మీద నల్ల ఇన్సులేషన్ టేపు రెండు పొరలు అంటించాను, ఆ తరువాత ఇబ్బంది రాలేదు. కాపలా వారిలో కొందరు మామూలు టార్చికి ఎర్ర సెల్లోఫేన్ కాగితం మూడు మడతలు చుట్టి రబ్బరు బ్యాండు వేస్తారు. నలభై రూపాయలు కూడా కాని ఆ ఏర్పాటు, నిజం చెప్పాలంటే, టేపు వేయక ముందు నా టార్చికంటే మేలైనది. ఒక్క మడత మాత్రం చాలదు, తెలుపు బయటికి వస్తుంది.

ఇంట్లో కరెంటు పోయినప్పుడు వాడుకోవడానికి ఈ టార్చికి ఐదులో నాలుగు మార్కులు ఇస్తాను. తాబేళ్ల తీరానికైతే రెండే. కొనదలచినవారు దుకాణంలోనే వెలిగించి చూసి, ఎరుపుకు వేరే మీట ఉన్నదాన్నే తీసుకోండి. ఎరుపైనా సరే నేల మీదికే వంచండి, తల్లి తాబేలు ముఖం మీద వేయకండి, ఫోను ఫ్లాష్ ముందుగానే ఆపి ఉంచండి. పల్లెవారు ఇసుక మీద వరుసగా కట్టిన వలలు కనబడితే దాటి లోపలికి పోవద్దు. ఊరి వెలుగు వైపు మళ్లిన పిల్లలను ఆపి, ఏరి, సముద్రానికి చేర్చేది ఆ వలలతోనే.