ఎక్స్-ప్లేన్‌లో బీ-2 బాంబర్: కొన్నేళ్లు వాడాక నా సమీక్ష

అమెరికా బాంబర్ విమానం బీ-2 స్పిరిట్‌ను ఇంట్లో నేర్చుకోవాలనుకునేవాళ్లకు నేను ఎక్స్-ప్లేన్ అనే ఫ్లైట్ సిమ్యులేటర్‌నే (కంప్యూటర్‌లో విమానం నడిపే ప్రోగ్రామ్) సూచిస్తాను. కారణం గ్రాఫిక్స్ కాదు. ఇది విమానాన్ని చిన్న చిన్న భాగాలుగా తీసుకుని, ఒక్కో భాగం మీద గాలి ఎంత బలం చూపిస్తోందో అప్పటికప్పుడు లెక్కగడుతుంది. తోకలేని విమానానికి ఆ లెక్కే ప్రాణం.

మన వైజాగ్ ఆర్కే బీచ్‌లో మ్యూజియంగా పెట్టిన టీయూ-142 విమానాన్ని చూసినవాళ్లకు దాని తోక ఎంత ఎత్తో తెలుసు. బీ-2కి నిలువు తోకే లేదు. ముక్కు తిరగాలంటే రెక్క చివరి పలకలు పైకీ కిందికీ విచ్చుకుని ఆ వైపు గాలికి అడ్డుపడాలి. బయటి వ్యూ పెట్టుకుని రడ్డర్ పెడల్ (ముక్కును పక్కకు తిప్పే పెడల్) మెల్లగా తొక్కండి. ముందు పలక తెరుచుకుంటుంది, ఆ తర్వాతే ముక్కు అటు తిరుగుతుంది. అసలు విమానం రాడార్‌కు దొరక్కుండా వెళ్లేటప్పుడు ఆ పలకలు మూసుకుని, ఇంజన్ల థ్రస్ట్‌లో (ముందుకు నెట్టే బలంలో) తేడాతో దిశ సరిచేసుకుంటుంది. ఇక్కడ ఆ పని చేత్తో చేసి చూడొచ్చు, చాలా కష్టం.

వైజాగ్‌లో ల్యాండింగ్ ఇంకా టెన్షన్. రన్‌వే పొడవు 3 కిలోమీటర్ల పైనే కాబట్టి సరిపోతుంది. వెడల్పు మాత్రం 45 మీటర్లు, ఈ విమానం రెక్కలేమో 52 మీటర్లు! పైగా నేలకు దగ్గరయ్యేకొద్దీ అంత పెద్ద రెక్క గాలిలో తేలిపోతూ దిగనంటుంది. సముద్రం వైపు నుంచి వచ్చేటప్పుడు స్పీడు కాస్త ఎక్కువైతే మొండికెళ్లకుండా మళ్లీ పైకి లేపడమే నయం.

నాకు అసంతృప్తి ఉన్నది ఒక్క విషయంలోనే. 2008 ఫిబ్రవరిలో పసిఫిక్ దీవి గువామ్‌లో ఒక బీ-2 టేకాఫ్‌లోనే కూలింది. సెన్సర్లలో చేరిన తేమ వల్ల కంప్యూటర్లకు తప్పుడు లెక్కలు అంది, అవే ముక్కును సుమారు 30 డిగ్రీలు పైకెత్తేశాయి. పైలట్లిద్దరూ బయటపడ్డారు. నా దగ్గరున్న మోడల్‌లో పిటాట్ (గాలి వేగం కొలిచే గొట్టం) ఫెయిల్యూర్ పెడితే మీటర్లు తప్పు చూపిస్తాయంతే, విమానం తనంతట తాను ముక్కెత్తదు. పైలట్‌కూ విమానానికీ మధ్య కూర్చున్న ఆ కంప్యూటర్ ఇందులో లేనట్టే. బీ-2 శిక్షణకు అదే పెద్ద లోటు. శత్రు రాడార్లను తప్పించుకుంటూ దారి ఎంచుకోవడం కూడా దీంతో రాదు.

యారాడ కొండ, తీరం మైక్రోసాఫ్ట్ సిమ్యులేటర్‌లోనే బాగుంటాయి, ఒప్పుకుంటాను. కానీ అది దృశ్యాలను నెట్ నుంచి లాగుతుంది. తుపాను రోజుల్లో నెట్ పోయినా ఎక్స్-ప్లేన్ నడుస్తుంది, సీనరీ అంతా మన డిస్క్‌లోనే ఉంటుంది.

జాయ్‌స్టిక్ మాత్రం హాల్ సెన్సర్ (అయస్కాంతంతో, రాపిడి లేకుండా కదలికను పసిగట్టేది) ఉన్నదే తీసుకోండి. నా పాతది సాధారణ పొటెన్షియోమీటర్ రకం, అంటే లోపలి భాగాలు రాసుకుంటూ అరిగిపోయేది. వాడగా వాడగా, చెయ్యి వదిలేసినా విమానం ఎడమకు ఒరిగిపోయేది. ఎన్నిసార్లు క్యాలిబ్రేట్ చేసినా మళ్లీ అదే తంతు.