హత్య కేసు అప్పీలులో ఏది గట్టిది: చూసిన సాక్షి మాటా, నిందితుడి ఒప్పుకోలా?

"నిందితుడు నేరం అంగీకరించాడు" అని పేపర్లో చదవగానే కేసు అయిపోయిందనుకుంటాం. ఏళ్ల తర్వాత హైకోర్టు కొట్టేసిందని తెలిస్తే జడ్జీలను తిట్టుకుంటాం. నా మటుకు నేను, కేసు అప్పీలుకు వెళ్లాక, ఒప్పుకోలు కంటే క్రాస్‌లో, అంటే అవతలి లాయరు వేసే ఎదురు ప్రశ్నల్లో, నిలబడ్డ ఒక్క సాక్షి మాటనే ఎక్కువ నమ్ముతాను.

ముందు పోలీసుల దగ్గర చెప్పినదాని సంగతి. అది సాక్ష్యంగా చెల్లదు. 1872 నాటి సాక్ష్య చట్టంలో 25, 26 సెక్షన్లు ఈ మాటే చెప్పాయి, దాని స్థానంలో 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ సాక్ష్య అధినియమ్‌లో 23వ సెక్షనూ అదే చెబుతోంది. ఇది ఎంత దూరం వెళ్తుందో అఘ్నూ నగేసియా కేసు చూస్తే తెలుస్తుంది. అప్పటి బిహార్‌లో ఒక మనిషి తనంతట తానే స్టేషన్‌కి వెళ్లి, నలుగురు బంధువులను చంపానని చెప్పాడు, అదే ఎఫ్‌ఐఆర్ అయింది. శవాలున్న చోట్లు చూపించాడు, ఇంట్లో గొడ్డలి దొరికింది. కింది కోర్టులో ఉరిశిక్ష పడింది. 1965లో సుప్రీంకోర్టు ఆ ఎఫ్‌ఐఆర్‌లోని ఒప్పుకోలు మొత్తాన్నీ పక్కన పెట్టి, మిగిలినది చాలదని అతన్ని వదిలేసింది. చదివితే కడుపు రగిలే మాట నిజమే, కానీ స్టేషన్ గోడల మధ్య ఆ మాట ఎలా బయటికొచ్చిందో చూసినవాడు ఎవడూ ఉండడు కాబట్టి చట్టం అంత కఠినంగా ఉండక తప్పదు.

దీనికి ఒక్క కిటికీ ఉంది, పాత చట్టంలోని 27వ సెక్షన్. నిందితుడు చెప్పిన మాట వల్ల వస్తువు దొరికితే, ఆ మేరకే తీసుకోవచ్చు. దీని హద్దులు గీసింది మన గుంటూరు జిల్లా కేసే. పులుకూరి కోటయ్య కేసు, ఊళ్లో రెండు వర్గాల గొడవ, చెరువు దగ్గర కాపు కాసి చంపారని ఆరోపణ. ఒక నిందితుడి వాంగ్మూలంలో "మేమంతా కొట్టి చంపాం" అనీ ఉంది, "బల్లెం, నా కర్ర ఫలానా వారి గడ్డివాములో దాచాను, వస్తే చూపిస్తా" అనీ ఉంది. 1946 డిసెంబరులో లండన్‌లోని ప్రివీ కౌన్సిల్, అంటే అప్పట్లో మన కేసులకు ఆఖరి కోర్టు, రెండో ముక్కే చెల్లుతుందంది. బల్లెం దొరికినంత మాత్రాన దాంతోనే పొడిచాడని రుజువు కాదు, అది అక్కడుందని అతనికి తెలుసని మాత్రమే తేలుతుంది. నేటికీ అప్పీళ్లలో లాయర్లు ఈ తీర్పు చదువుతూనే ఉంటారు.

మన దగ్గర ఇంకో రకం ఒప్పుకోలు కనిపిస్తుంటుంది. నిందితుడు నేరుగా వీఆర్వో దగ్గరికి వెళ్లి చెప్పుకున్నాడని, ఆయన రాసుకుని స్టేషన్‌లో అప్పగించాడని. ముఖపరిచయం కూడా లేని ఉద్యోగికి ప్రాణం మీదికొచ్చే మాట ఎందుకు చెబుతాడు? కోర్టులు ఈ ప్రశ్నే వేస్తాయి, వేయాలి కూడా. అలాగని బయట అన్న మాటలన్నీ పనికిరావని కాదు. సాహూ కేసులో కోడలిని చంపినవాడు తనలో తాను గొణుక్కుంటూ పోతుంటే విన్నవాళ్లు కోర్టులో చెప్పారు, 1965లో సుప్రీంకోర్టు దాన్ని ఒప్పుకుంది. అక్కడ బలం ఆ గొణుగుడు విన్న సాక్షులు నమ్మదగినవాళ్లు కావడంలో ఉంది. మేజిస్ట్రేటు రాసిన ఒప్పుకోలు వీటన్నిటికన్నా మేలు, చెప్పనక్కర్లేదని హెచ్చరించి, ఆలోచించుకోమని టైమిచ్చి రాస్తారు కాబట్టి. అయినా తర్వాత వెనక్కి తీసుకుంటే వేరే ఆధారం తోడు కావాలని కోర్టులు చూస్తాయి.

ఇక సాక్షి. సాక్షులు అబద్ధమాడరా అంటే ఆడతారు, హోస్టైల్ అవుతారు, అంటే ముందు చెప్పిన మాట కోర్టులో తిప్పేస్తారు, పార్టీ పగలున్న ఊళ్లలో అయితే నలుగురు కొడితే పద్నాలుగు పేర్లు చెబుతారు. కానీ సాక్షి బోనెక్కాలి, గంటల తరబడి ప్రశ్నలకు నిలబడాలి. దీపం ఎక్కడుంది, నువ్వెంత దూరంలో ఉన్నావు, ఆ రాత్రి అక్కడికెందుకెళ్లావు, ఇవన్నీ అడగొచ్చు. ఒప్పుకోలు కాగితాన్ని ఏమడుగుతాం? 1957లో వడివేలు తేవర్ కేసులో సుప్రీంకోర్టు సాక్షులను మూడు రకాలుగా విడగొట్టింది: పూర్తిగా నమ్మదగినవాళ్లు, అసలు నమ్మరానివాళ్లు, అటూ ఇటూ కానివాళ్లు. మొదటి రకమైతే ఒక్కరు చాలంది, ఆ కేసులో టీ దుకాణం యజమాని భార్య ఒక్కత్తె మాట మీదే శిక్ష నిలిచింది. చనిపోయినవాడి బంధువు కదా అని తోసెయ్యడమూ తప్పే. సొంత మనిషిని పోగొట్టుకున్నవాళ్లు అసలు హంతకుణ్ణి వదిలేసి ఇంకొకణ్ణి ఇరికించడం మామూలుగా జరగదని 1953లోనే దలీప్ సింగ్ కేసులో అన్నారు.

చూసినవాళ్లు లేని కేసుల్లోనే నాకు టెన్షన్. 2007 డిసెంబరులో విజయవాడ దగ్గరి హాస్టల్లో జరిగిన ఫార్మసీ విద్యార్థిని హత్య గుర్తుండే ఉంటుంది. 2010లో శిక్ష పడిన యువకుణ్ణి 2017 మార్చి 31న హైకోర్టు నిర్దోషి అంది. అప్పటికి జైల్లో ఎనిమిదేళ్లు దాటాయి. ఆ అమ్మాయి తల్లిదండ్రులకు న్యాయమూ దక్కలేదు.

అందుకే అప్పీలు ఫైలు ఎవరైనా చూపిస్తే నేను ఒప్పుకోలు పంచనామా తెరవను. ఎఫ్‌ఐఆర్ మేజిస్ట్రేటుకు ఏ రోజు, ఏ గంటకు చేరిందో చూస్తాను, అందులో ఈ సాక్షి పేరుందా అని వెతుకుతాను, ఆ తర్వాత పి.డబ్ల్యు.1, అంటే ప్రాసిక్యూషన్ మొదటి సాక్షి, క్రాస్ మొదటి నుంచి చివరి దాకా చదువుతాను.