ఏసీఎల్ సర్జరీకి ఏ గ్రాఫ్ట్? ఒక కూచిపూడి టీచర్ రివ్యూ

మోకాలి లోపల తొడ ఎముకను, కింది ఎముకను పట్టి ఉంచే ఏసీఎల్ అనే లిగమెంట్‌కు సర్జరీ అయి ఈ నెలతో నాకు 14 నెలలు. విజయవాడలోనే చేయించుకున్నాను. ఆసుపత్రుల పేర్లు రాయడం లేదు, మెసేజ్ పెట్టి అడగొద్దు కూడా. ఈ రివ్యూ ముఖ్యంగా గ్రాఫ్ట్ గురించి, అంటే తెగిపోయిన లిగమెంట్ స్థానంలో పెట్టే తాడు గురించి. సర్జరీకి ముందు నేను తెలుగులో ఎంత వెతికినా దీని మీద పేషెంటు రాసింది ఒక్కటీ దొరకలేదు.

పిల్లలకు ఒక జతి చూపిస్తూ ఎగిరి దిగాను. పాదం నేలమీద అలాగే నాటుకుపోయింది, ఒళ్లు మాత్రం తిరిగింది. లోపల టప్‌మని చప్పుడు. ముందు వరసలో కూర్చున్న పాపకు కూడా వినిపించిందట. సాయంత్రానికి మోకాలు బొప్పాయికాయలా వాచింది. పది రోజులకు వాపు తగ్గి నడవగలిగాను గానీ మెట్లు దిగుతుంటే తొడ ఎముక కింది ఎముక మీద నుంచి జారిపోతున్నట్టు ఉండేది. ఆ భయం అనుభవించినవాళ్లకే తెలుస్తుంది.

మొదట వెళ్లిన ఆసుపత్రిలో ఎమ్మారై చూసి, పూర్తిగా తెగింది, గురువారం పెట్టేద్దాం అన్నారు. లోపల ఏం పెడతారు సార్ అని అడిగితే, "అదంతా మేం చూసుకుంటాం కదమ్మా" అన్నారు. బయటికి రాగానే కౌంటర్లో ప్యాకేజీ కాగితం చేతిలో పెట్టారు. నేను ఏం పని చేస్తానో, ఆ కాలితో నాకేం అవసరమో లోపల గానీ బయట గానీ ఒక్కరూ అడగలేదు. నాకు బాధ కలిగింది అక్కడే. అందరికీ ఒకే తాడు వేసే ఆపరేషన్ కాదు ఇది.

రెండో డాక్టరు గారు అడిగిన మొదటి ప్రశ్నే, "రోజూ ఈ కాలితో మీరేం చేస్తారు?" అని. కూచిపూడి నేర్పుతానండీ అంటే చూపించమన్నారు. ఆయన టేబుల్ పట్టుకుని అరమండిలో, అంటే మోకాళ్లు పక్కలకు సగం వంచి, నిలబడి చూపించాను, మండి వేసినప్పుడు మోకాళ్లు నేలకు ఎలా ఆనతాయో బాగున్న కాలితో చూపించాను, తరంగంలో పళ్లెం అంచుల మీద పాదాలతో ఎలా కదులుతామో నోటితో చెప్పాను. అంతా విని అప్పుడు మొదలుపెట్టారు, దాదాపు అరగంట. తెగిన ఏసీఎల్‌ను మామూలుగా కుట్టి అతికించరట, చాలామందికి అది నిలవదు. మన ఒంట్లోనే ఇంకోచోట నుంచి ఒక తాడు తీసి, ఎముకల్లో సొరంగాలు చేసి దాన్ని లోపలికి లాగి బిగిస్తారు.

ఎక్కడి నుంచి తీయాలన్నదే అసలు ప్రశ్న. మోకాలి చిప్ప కింద ఉండే తాడులో మధ్య మూడో వంతు, సుమారు 10 మిల్లీమీటర్ల వెడల్పున, రెండు చివరలా చిన్న ఎముక ముక్కలతో సహా తీయొచ్చు. ఎముక ఎముకతోనే అతుక్కుంటుంది కాబట్టి ఆరు వారాల్లో గట్టిగా పట్టేస్తుంది. మా వార్డులో కబడ్డీ ఆడే కుర్రాడికి ఇదే వేశారు, వాడికి అది సరైనదే. నాకు మాత్రం వద్దన్నారు. ఎందుకంటే ఈ రకంలో చిప్ప ముందు భాగంలో నొప్పి ఉండిపోయే అవకాశం ఎక్కువ, మోకాళ్ల మీద ఆనినప్పుడు మరీనూ. మండి వేయలేని కాలుతో నేనేం చేసుకోను? నమాజు చేసేవాళ్లు, టైల్స్ పని చేసేవాళ్లు, రోజూ కింద కూర్చుని లేచేవాళ్లు ఈ మాట తప్పకుండా డాక్టరుకు చెప్పండి.

రెండోది తొడ వెనక ఉండే హామ్‌స్ట్రింగ్ తాళ్లు. మోకాలు మడిచి వెనక లోపలివైపు చెయ్యి పెడితే వీణ తీగల్లా తగులుతాయి, అవే. వాటిని తీసి మడతపెట్టి, నాలుగు పేటల తాడుగా చేసి వాడతారు. మోకాళ్ల మీద ఆనడానికి ఇబ్బంది తక్కువ. ఎముక లేని తాడు కాబట్టి సొరంగంలో పట్టడానికి ఇంకొన్ని వారాలు ఎక్కువ పడుతుంది, కాలు బాగా వెనక్కి మడిచేటప్పుడు బలం కొంత తగ్గుతుంది. అంతకంటే నన్ను టెన్షన్ పెట్టింది ఇంకో మాట. నేను 5 అడుగుల 1 అంగుళం, 52 కిలోలు. చిన్న శరీరం ఉన్నవాళ్లకు ఈ తాళ్లు సన్నగా ఉంటాయట, మడత పెట్టాక కూడా 8 మిల్లీమీటర్ల కంటే తక్కువ వస్తే మళ్లీ తెగే ప్రమాదం పెరుగుతుందట. అది కోసి చూస్తే గానీ ఖాయంగా తెలియదు.

అలా వస్తే ఏం చేయాలో ముందే అనుకుందాం అన్నారు. చీలమండ బయటివైపు నుంచి పెరోనియస్ అనే తాడు తీస్తారు, మన దేశంలో ఈమధ్య బాగా వాడుతున్నారు, మందంగా ఉంటుంది, తొడ జోలికి పోనక్కర్లేదు. కానీ పళ్లెం అంచు మీద నిలబడే మనిషికి చీలమండ మీద కత్తి పెట్టడం నాకిష్టం లేదని చెప్పాను. ఆయన వాదించలేదు. అయితే చిప్ప పైనుండే క్వాడ్రిసెప్స్ తాడు తీద్దాం, అది మందమే, కాకపోతే తొడ ముందు కండ బలం రావడానికి ఎక్కువ కష్టపడాలి అన్నారు. చనిపోయినవారి నుంచి తీసి భద్రపరిచిన తాడు కూడా వాడతారు గానీ మన దగ్గర సులభంగా దొరకదు, పైగా వయసులో ఉండి ఆటలాడేవాళ్లలో ఎక్కువగా తెగుతుందని దాన్ని పక్కనపెట్టారు. కన్సెంట్ ఫారంలో మొదటి ఎంపిక హామ్‌స్ట్రింగ్, 8 లోపు వస్తే క్వాడ్రిసెప్స్ అని నా ముందే చేత్తో రాశారు. ఆ కాగితం మీద సంతకం పెట్టేటప్పుడు నా చెయ్యి వణకలేదు.

సర్జరీ నడుముకు మత్తు ఇచ్చి చేశారు, మెలకువగానే ఉన్నాను. పక్క బల్ల మీద జూనియర్ డాక్టరమ్మ ఒక పలక మీద నా తాళ్లను పరిచి, అంటుకున్న కండను గీకి తీసేసి, చివర్లు దారంతో కుట్టడం తల తిప్పితే కనిపించింది. తెల్లగా, తడిగా మెరుస్తూ, లేత కొబ్బరి రంగులో ఉన్నాయి. మడతపెట్టి, వరసగా చిల్లులున్న ఒక స్టీలు దిమ్మలో ఒక్కో చిల్లులోంచి దూర్చి చూస్తోంది, ఏ చిల్లులో బిగుతుగా పడితే అదే కొలత. "సార్, ఎనిమిదిన్నర" అంది. డాక్టరు గారు నా వైపు వంగి, "విన్నారా అమ్మా, మీ తాళ్లే సరిపోయాయి" అన్నారు. ఆ క్షణం గుర్తొస్తే ఇప్పటికీ కళ్లు చెమరుస్తాయి.

డాక్టరు గారికి అయిదుకి అయిదు. ఆసుపత్రికి మాత్రం మూడే ఇస్తాను. బిల్లు 1 లక్షా 84 వేలు అయింది, అందులో తాడు జారకుండా తొడ ఎముక వైపు పెట్టే బటన్, కింద వేసే స్క్రూ రెంటికీ వేసిన ధర ముందు ఎవరూ చెప్పలేదు, డిశ్చార్జి రోజున చూసి మా ఆయన నిర్ఘాంతపోయారు. కంపెనీ, మోడల్, రేటు ముందే రాయించుకోండి. ఆ ప్యాకెట్ల స్టిక్కర్లు కేస్ షీటులో అంటిస్తారు, వాటి ఫొటో తీసుకోండి. ఇక అక్కడి ఫిజియో ఒక్కసారి వచ్చి, ప్రింటు తీసిన కాగితం ఇచ్చి వెళ్లిపోయారు. కాలు పూర్తిగా చాపడం మొదటి వారాల్లోనే రావాలి, వాయిదా వేస్తే తర్వాత చాలా కష్టమవుతుంది. ఆ సంగతి నాకు చెప్పింది బయట పెట్టుకున్న ఫిజియో అమ్మాయే. మడమ కింద చుట్టిన తువ్వాలు పెట్టి మోకాలు కిందికి నొక్కించేది. నేను ఏడుస్తుంటే, "ఇంకో పది లెక్కపెట్టండక్కా, అంతే" అనేది. ఆ పిల్ల రుణం తీర్చుకోలేను.

మూడో నెలకు నాకు ఏమీ కానట్టే అనిపించింది. దసరా ప్రోగ్రాంలో ఒక్క అంశం చేస్తానని పట్టుబట్టాను. ఆ ఫిజియో అమ్మాయి ఒప్పుకోలేదు. కొత్త తాడు లోపలికి వెళ్లాక మొదట బలహీనపడుతుంది, దానిలో రక్తనాళాలు పెరిగి మెల్లగా లిగమెంట్‌లా మారాలి, నొప్పి లేకుండా హాయిగా అనిపించే ఆ రోజుల్లోనే అది చాలా బలహీనంగా ఉంటుంది అని బొమ్మ గీసి మరీ చెప్పింది. 9 నెలలు నిండకుండా ఎగరడం, తిరగడం వద్దంది. క్రికెటర్ రిషభ్ పంత్‌కు 2022 డిసెంబర్ 30న యాక్సిడెంట్ అయి మోకాలు దెబ్బతింటే మళ్లీ గ్రౌండులోకి వచ్చింది 2024 మార్చిలో. అతనికి దెబ్బ ఇంకా పెద్దది నిజమే, కానీ అన్ని వసతులున్న మనిషికే అంత సమయం పట్టిందని తలుచుకుని ఓపిక పట్టాను. పదో నెలలో ఒంటికాలి గెంతు పరీక్ష పెట్టి, రెండో కాలితో పోలిస్తే 90 శాతం దాటాకే గజ్జె కట్టనిచ్చింది.

ఈ గ్రాఫ్ట్‌తో నాకు మిగిలిన ఇబ్బందులు కూడా రాయాలి. కోత పక్కన అరచేయంత మేర ఇప్పటికీ మొద్దుబారి ఉంది, అక్కడ దోమ కుట్టినా తెలియదు. నాలుగో వారంలో కింద పడ్డ గిన్నె తీయడానికి వంగితే తొడ వెనక ఏదో తెగినట్టు పట్టేసింది, రెండు వారాలు వేధించింది. మడమను పిరుదులకు ఆనించే భంగిమలో కుడి కాలికున్న పట్టు ఎడమ కాలికి లేదు, ఇంకా సాధన చేస్తున్నాను. మండి మాత్రం వేస్తున్నాను, నొప్పి లేకుండా. పోయిన శుక్రవారం క్లాసులో పిల్లలతో పాటు భూమికి నమస్కరించి మోకాళ్ల మీద నుంచి చెయ్యి ఆనించకుండా లేచాను. ముందు వరస పాప చప్పట్లు కొట్టింది.