కాలధూళి గాజు గడియారం కొనబోతున్నవాళ్లు ఆగండి

ఈ ఉదయం దాన్ని అమ్మినవాళ్లతో ఫోనులో మాట్లాడాను. చేతులు ఇంకా వణుకుతున్నాయి. కోపం చల్లారాక రాద్దామంటే, ఈలోగా ఇంకెవరో డబ్బు కట్టేస్తారేమోనని భయంగా ఉంది.

కథల్లోని కత్తులు, కిరీటాలు, తాళపత్ర పటాలు తయారుచేసి అమ్మే ఆ ఆన్‌లైన్ పేజీ ఏదో మీకు తెలుసు. ఈ నెల కాలధూళి గడియారం పెట్టింది వాళ్లే. కాలధూళి అంటే ఒక కథలో కాలాన్ని మార్చే కల్పిత ధూళి, ఈ గడియారం ఆ కథ పేరుతో చేసిన ఇసుక గడియారం లాంటిది. ధర 12,400 రూపాయలు. నోటితో ఊదిన గాజు, నీలిరంగు సన్నని గాజుపూసలు, ఖాళీ కావడానికి సరిగ్గా ఒక గంట, వరుస సంఖ్య వేసిన పత్రం. ప్రకటనలో ఉన్నవి ఇవే. తమ్ముడి డిగ్రీ పూర్తయిందని కొన్నాను. తొమ్మిదో తరగతి నుంచి వాడికి ఆ కథాలోకమే లోకం. కాలధూళి కాలాన్ని వెనక్కి తిప్పుతుందా, లేక తాను తాకినదాన్ని మాత్రమే నిదానం చేస్తుందా అని అన్నం ముందు కూర్చుని కూడా వాదించేవాడు. వాడిది రెండో పక్షం.

నెల్లూరుకు పార్సిల్ నిన్న సాయంత్రం వచ్చింది. లోపల నీలం అన్న మాటే లేదు. తెల్లటి ఇసుక, అక్కడక్కడా మెరుపు. గాజుకు రెండు పక్కలా అచ్చు గీత. మొదటిసారి తిప్పితే 52 నిమిషాలకే ఖాళీ అయింది. రెండోసారి మెడలో ఇరుక్కుపోయింది. తమ్ముడు దాన్ని మెల్లగా తడుతూ, "పరవాలేదు అక్కా, బాగుంది" అన్నాడు. ఆ మాట వినలేకపోయాను.

అడుగు బిరడా వదులుగా ఉండి కొంత ఇసుక నేలమీద పడింది. నాన్న గూడూరు అవతల చిల్లకూరు వైపు సిలికా ఇసుక లోడింగులో ఏళ్ల తరబడి పనిచేశారు. చిటికెడు తీసుకుని వేళ్ల మధ్య నలిపారు. కొన్ని రేణువుల మీద నిమ్మరసం పిండారు, పొంగలేదు. గవ్వపొడి కలిసిన సముద్రపు ఇసుకైతే బుడగలు వస్తాయట. పాత అద్దం ముక్క మీద రుద్దితే గీతలు పడ్డాయి. "ఇది గాజు తయారుచేసే ఇసుక అమ్మా, గాజుపూస కాదు. మెరిసేది అభ్రకం" అన్నారు. గూడూరు, సైదాపురం గనుల పేరు విన్న మన జిల్లావాళ్లకు అభ్రకం గురించి ఒకరు చెప్పాలా? ఇది ఏ ఊరి ఇసుకో నేను రుజువు చేయలేను. గాజుపూసలు కావని మాత్రం చేయగలను. మామూలు ఇసుక రేణువులకు అంచులుంటాయి, అవి గాజు మెడను గీస్తాయి, అందుకే పాతకాలంలో కోడిగుడ్డు పెంకుల పొడి, పాలరాతి పొడి వాడేవారు, మేము గాజుపూసలే వాడతాము అని ప్రకటనలో అంత వివరంగా రాసుకున్నది వాళ్లే!

అన్నిటికంటే ఘోరం పత్రం. నా దాని మీద సంఖ్య 37. ఒంగోలులో ఉన్న తమ్ముడి స్నేహితుడు కూడా ఇదే కొన్నాడు. రాత్రి అడిగితే ఫొటో పంపాడు. అతనిదీ 37. ప్రకటనలోని ఫొటోలో ఉన్నదీ 37. ఆ ఫొటోను పదిసార్లు చూసి ఉంటాను. కళ్లు ఎక్కడ పెట్టుకున్నానో తెలియదు.

ఈ ఉదయం ఫోను చేశాను. రెండు వారాల క్రితం మాట్లాడిన మనిషే తీశాడు. అప్పుడు నాతో అరగంట మాట్లాడాడు. మీ తమ్ముడిది ఏ పక్షం అని అడిగి తెలుసుకుని, "నాదీ అదే పక్షం మేడం, కార్డు మీద ఆ మాటే రాసి పంపిస్తాను" అన్నాడు. ఆ మాటకే నమ్మాను. మొత్తం డబ్బు అప్పుడే యూపీఐలో పంపాను. కార్డు రాలేదు.

ఈరోజు నేను చెప్పిందంతా విని, "మేడం, కాలధూళి ఈ ప్రపంచంలో ఉందా?" అన్నాడు.

లేదన్నాను.

"మరి లేనిదానికి నకిలీ ఎలా ఉంటుంది? అసలుది తెచ్చి చూపించండి, పోల్చి చూద్దాం."

వెనక ఎవరో నవ్వారు. అతను ఆగలేదు. "కాలం ఆగలేదని ఫిర్యాదు చేస్తారా?" అని పెట్టేశాడు.

నాకు నోట మాట రాలేదు. ఆ క్షణం తలచుకుంటేనే ఒళ్లు మండుతోంది. డబ్బు పోయినందుకు ఇంత బాధ లేదు. మా తమ్ముడికి ఆ కథ మీద ఉన్న ప్రేమను అరగంట అడిగి తెలుసుకున్నవాడు, ఆ ప్రేమనే తెలివితక్కువతనంగా లెక్కగట్టి నా ముఖాన కొట్టాడు.

అప్పుడు చెప్పలేకపోయింది ఇప్పుడు చెబుతున్నాను. నేను కాలాన్ని ఆపే పదార్థం కొనలేదు. గాజుపూసలు కొన్నాను, ఊదిన గాజు కొన్నాను, గంట కొన్నాను, ఇంకెవరికీ ఉండని ఒక సంఖ్య కొన్నాను. ఇవన్నీ ఈ ప్రపంచంలో ఉన్నవే, కొలిచి చూడగలిగినవే. నాటకంలో రాజు కిరీటం బంగారం కాదని చూసేవాళ్లందరికీ తెలుసు. అలాగని చెక్క కిరీటానికి డబ్బు తీసుకుని అట్ట కిరీటం చేతిలో పెడితే అది మోసం కాకుండా పోతుందా?

పార్సిల్ విప్పేటప్పుడు వీడియో తీయలేదు. అది నా తప్పే. మీరు తప్పకుండా తీయండి. డబ్బు కట్టేముందు మీకు రాబోయే సంఖ్యతో ఉన్న పత్రం ఫొటో అడగండి. వస్తువు ప్రకటనలో చెప్పినట్టు లేకపోతే అమ్మినవాళ్లు వెనక్కి తీసుకోవాల్సిందే, ఈ-కామర్స్ నిబంధనలు 2020లోనే వచ్చాయి. వినియోగదారుల సహాయ నంబరు 1915కు ఫోను చేశాను. అమ్మినవాళ్లు ఏ ఊరివాళ్లయినా మనం ఉండే జిల్లా వినియోగదారుల కమిషన్‌లోనే కేసు వేయవచ్చు, వస్తువుకు కట్టిన డబ్బు 5 లక్షల లోపు అయితే రుసుము కూడా లేదు. నెల్లూరులో వేస్తున్నాను.

పత్రం మీద 37 ఉన్నవాళ్లు ఇంకెవరైనా ఉంటే, గడియారంతో కలిపి ఫొటో తీసి నాకు పంపండి. సోమవారం ఫిర్యాదుకు జత చేస్తాను.